పాతిక మీద పిసరు

భాగాల లెక్కల్లో నన్ను కొట్టేవాడు ఏలూరు నుంచి తాడేపల్లిగూడెం దాకా లేడు. మధ్యలో ప్రతి స్టేషన్‌లోనూ దిగి వెతుక్కున్నా దొరకడు. ఒకసారి కొల్లేటి గట్టు మీద కూర్చుని అరలూ పాతికలూ పైకే కూడుకుంటున్నాను. ఎదురుగా నీళ్లలో ఉన్న గూడబాతు ఒక చేపని సగం మింగి, మిగతా సగం నాకేసి చూపించి, ఇదెంత అన్నట్టు ఆగింది. ‘అర’ అన్నాను. అప్పుడు గానీ మింగలేదు. నమ్మకపోతే వెళ్లి ఆ గూడబాతునే అడగండి.

నా చదువు మా ఊరి బళ్లో ఐదో తరగతి దాకా. ఒకటే గది, ఒకరే మాష్టారు. భాగాలు ఆయన తువాలుతో చెప్పారు. భుజం మీది తువాలు తీసి ఒక మడత వేస్తే అర. ఇంకో మడత వేస్తే పాతిక. మూడోది వేస్తే పరక. నాలుగోది వేస్తే వీసం. ఐదో మడత వేయబోతే తువాలు లావెక్కిపోయి మొండికేసేది. అక్కడితో మా గణితం పూర్తి. ఇందులో మూడో వంతు ఎక్కడా రాలేదని మీరు గమనించే ఉంటారు. నేను మాత్రం డెబ్బయ్యారేళ్లు వచ్చేదాకా గమనించలేదు.

మా ఊరు గుండుగొలను దగ్గర హైవే దిగి కొల్లేటి వైపు వెళ్లే దారిలో ఉంది. ఏడాదిలో రెండో పంట దాళ్వాకి కాలవ నీళ్లు తక్కువ. కాలవ నుంచి చేలకి తీసిన పంట బోదెలోకి వచ్చిన నీళ్లు ఒకసారికి ఒక చేనుకే సరిపోతాయి. ఒకరు మడవ తెరుచుకున్నారంటే, అంటే చేలోకి నీళ్లు దిగడానికి గట్టుకి గండి కొట్టుకున్నారంటే, మిగతావాళ్లు మూసుకుని కూర్చోవాలి. అందుకని వంతులు. మొన్నటి దాళ్వాలో మా చివరి బోదెకి ఆ వంతులు చెప్పే పెద్దరికం నాకు దక్కింది. నా తెలివి చూసి ఇచ్చారని నేను చెబుతాను. “ఆ బోదె కింద మీకు సెంటు భూమి లేదు కాబట్టి ఇచ్చారు” అని మా ఆవిడ రత్నమాణిక్యం చెబుతుంది.

ఆ బోదె కింద ముగ్గురే రైతులు. ముగ్గురూ ఒకేసారి వచ్చి అడిగి ఉంటే ఈ కథ ఉండేది కాదు. వేర్వేరుగా వచ్చారు.

పొద్దున్న కాఫీ వేళకి సూర్యప్రకాశరావు వచ్చాడు. గూడెంలో ఉల్లిపాయల కొట్టు, ఇక్కడ పన్నెండెకరాల చేను. మనిషి వీధి మలుపు తిరగకముందే వాసన వచ్చి అరుగు మీద కూర్చుంటుంది.

“మావయ్య గారూ, ఎకరానికి గంట నీళ్లు పారితే గానీ తడవదు కదండీ. నావి పన్నెండెకరాలు. రోజులో సగం నాకు ఇచ్చేయండి.”

“సగమే కదా, తీసుకో” అన్నాను. ఇవ్వడంలో నాకు మొదటినుంచీ చెయ్యి పెద్దది, పైగా నీళ్లు నావి కావు.

మధ్యాహ్నం అబ్బాయిరాజు గారు వచ్చారు. ఆకివీడు వైపు చేపల చెరువులున్నాయి, ఇక్కడ ఎనిమిదెకరాల వరి. మర్యాద ఎక్కువ, మాట తక్కువ.

“రోజులో మూడో వంతు ఇప్పించండి, చాలండి.”

“రాజుగారు నోరు తెరిచి అడిగితే మూడో వంతేంటండి, మూడు వంతులు ఇస్తాను.”

“ఆయ్, ఒక్కటి చాలండి” అన్నారాయన.

సాయంత్రం వీరదుర్గ వచ్చింది. బోదె చిట్టచివర ఆరెకరాలు కౌలుకి చేస్తోంది. మొగుడు ఆకివీడు నుంచి కలకత్తాకి చేపల లారీ తోలుతాడు. నెలకి నాలుగు రోజులు ఇంట్లో ఉంటే ఎక్కువ. నారు దగ్గర్నుంచి నూర్పిళ్ల దాకా ఆమే చూసుకోవాలి.

“బాబాయి గారండి, నాకు పాతిక రోజు ఇప్పించండి. ఆరు గంటలైతే నా ఆరెకరాలూ తడిసిపోతాయండి.”

“ఇచ్చేశాను పో అమ్మాయ్.”

ఆమె వెళ్లాక రత్నమాణిక్యం గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

“ముగ్గురికీ మాటిచ్చేశారు. కూడారా?”

“కూడాను.”

“ఎంతొచ్చింది?”

“రోజొచ్చింది.”

అబద్ధం కాదు. తువాలు తీసి రెండు మడతలు వేసి, విప్పి చూశాను. నాలుగు పాతికలు. రెండు సూర్యప్రకాశరావువి. ఒకటి వీరదుర్గది. మిగిలింది రాజుగారిది. ఆయన అడిగింది మూడో వంతు కదా అంటారా? మూడో వంతు అంటే ఎంతని, పాతిక మీద ఓ పిసరు. ఆ పిసరు ఎక్కడో అక్కడ సర్దుకుంటుంది. డెబ్బయ్యారేళ్లుగా నా పిసర్లన్నీ అలాగే సర్దుకున్నాయి.

పొద్దున్నే ముగ్గురికీ కబురు పెట్టాను. “రోజూ ఆరింటికి సూర్యప్రకాశరావు మొదలు. ఆయన సగం అయ్యాక రాజుగారు. ఆయనది అయ్యాక వీరదుర్గ. మళ్లీ పొద్దున్న ఆరింటికి సూర్యప్రకాశరావు.” గంటలు ఎవరివి వాళ్లు కట్టుకున్నారు. నేను గంటల జోలికి పోలేదు. నాది పెద్ద పద్దు.

పది రోజులు పోయాక ఒక సాయంత్రం వీరదుర్గ వచ్చింది. కాళ్లకి ఎండిన బురద, కళ్ల కింద నల్లటి వలయాలు.

“బాబాయి గారండి, నా శివారు రెండెకరాలకి నీళ్లు ఎక్కట్లేదండి. నెర్రెలు ఇచ్చేసిందండి.”

“తెల్లారగట్ల గట్టు మీద కునుకు తీస్తున్నావేమో చూసుకో అమ్మాయ్.”

“కునుకా అండి! రాజుగారిది అవ్వగానే రెండింటికి లేచి, ఫోన్‌లో లైటేసుకుని నిలబడుతున్నానండి. మా బోదె దోమలకి నా పేరే కాదు, ఇంటిపేరు కూడా తెలిసిపోయింది. రెండింటికి తెరిస్తే ఎనిమిది దాకా నావి కదండీ? ఆరు కొట్టగానే సూర్యప్రకాశరావు గారు వచ్చి నా మడవ మూసేసి తనది తెరుచుకుంటున్నారు. అడిగితే మీ పేరు చెబుతున్నారండి.”

సూర్యప్రకాశరావుని పిలిపించాను. అతను చొక్కా గుండీలు పెట్టుకుంటూనే వచ్చాడు.

“ఏవయ్యా, ఆడకూతురు వంతు నీళ్లు నువ్వు మళ్లించుకోవడమేంటి?”

“నేనెందుకు మళ్లించుకుంటానండీ? ఆరింటికి నాదని మీరే అన్నారు.”

“ఆరు గంటలు నావని కూడా మీరే అన్నారండి” అంది వీరదుర్గ.

ఇద్దరూ నాకేసి చూశారు. ఇద్దరి దగ్గరా ఉన్నది నా మాటే. ఇలాంటప్పుడు పెద్దమనిషి దగ్గు తెచ్చుకోవాలి. తెచ్చుకున్నాను.

నవ్వులాటగా రాస్తున్నాను గానీ అక్కడ నవ్వే సంగతి కాదు. చేను పొట్ట మీదుంది. ఆ అదనులో తడి తగలకపోతే బయటికొచ్చే కంకి గింజలేని తాలే. కౌలు గింజలు పంట పండినా పండకపోయినా భూమి గలవాళ్లకి కొలవాల్సిందే. పైనున్న నాలుగెకరాలు దానికీ ఎరువులకీ పోతాయి. ఆమె ఇంటికి చేరేది ఆ చివరి రెండెకరాల పంటే. అది ఎండితే ఆమె పంట కాలమంతా దోమలకి పెట్టిన విందన్నమాట.

“లెక్కలో తప్పు లేదు” అని తువాలు తీశాను. “ఇదిగో, ఈ రెండు మడతలూ ఇతనివి. ఇది నీది. ఇది రాజుగారిది.”

వీరదుర్గ తువాలు అందుకుని అటూ ఇటూ తిప్పి చూసింది.

“రాజుగారికి మీరిచ్చింది మూడో వంతు కదండీ. ఇందులో మూడో వంతు ఏదండి?”

“ఆ మడత మీద ఓ పిసరు వేసుకో.”

“పిసరంటే ఎంతండి?”

“పిసరంటే పిసరే అమ్మాయ్. దానికి కొలతేంటి?”

ఆమె తువాలు నాకు తిరిగిచ్చింది. “రేపు పొద్దున్న ఆరింటికల్లా మడవల దగ్గరికి రండి బాబాయి గారు. మీ చేత్తో పంచిపెట్టాల్సింది ఒకటుంది. రాజుగారికి కూడా నేనే చెబుతాను” అని వెళ్లిపోయింది.

చేను బాగుండాలని ఏదో పూజ మొక్కుకుంది కాబోలు, ప్రసాదం పెద్దల చేత పంచిపెట్టిస్తోంది అనుకున్నాను. ఇస్త్రీ పంచె కట్టుకుని, విభూతి పెట్టుకుని మరీ బయలుదేరాను. రత్నమాణిక్యం వద్దన్నా వినకుండా సెంటు కూడా రాసుకున్నాను.

తెల్లవారి ఆరింటికి గట్టు మీద అందరూ ఉన్నారు. సూర్యప్రకాశరావు పార పట్టుకుని, తన మడవ తెరవడానికి సిద్ధంగా. రాజుగారు మెడ చుట్టూ మఫ్లర్‌తో, నిద్ర చాలని కళ్లతో. వీరదుర్గ ఒక గోనె పరిచి దాని మీద అరటిపళ్లు పెట్టింది. చక్కెరకేళీలు. బంగారు రంగులో, ఒక్కోటి జానెడు.

“గుండుగొలను సెంటర్లో అచ్చాయమ్మ గారి బండి మీద తెచ్చానండి. డజను. లెక్కపెట్టుకోండి.”

లెక్కపెట్టాను. పన్నెండు.

“ఇది రోజనుకోండి బాబాయి గారు. మీరు మాకెలా పంచారో అలాగే పంచేయండి. సగం సూర్యప్రకాశరావు గారికి.”

ఆరు పళ్లు అతని చేతిలో పెట్టాను. పార కింద పడేసి రెండు చేతులతో పట్టుకున్నాడు.

“మూడో వంతు రాజుగారికి.”

పన్నెండుని మూడు కుప్పలు చేస్తే కుప్పకి నాలుగు. నాలుగిచ్చాను. ఆయన రెండు చేతులా అందుకుని “చాలండి” అన్నారు.

“పాతిక నాకండి. అంటే మూడు.”

గోనె మీద చూశాను. రెండున్నాయి. గోనె ఎత్తి చూశాను. సూర్యప్రకాశరావు చేతిలోవి మళ్లీ లెక్కపెట్టాను. ఆరే. రాజుగారి నోటికేసి అనుమానంగా చూశాను.

“ఆయ్, నేను తినలేదండి” అన్నారాయన, పాపం, నోరు తెరిచి చూపిస్తూ.

“ఇందాక సరిగ్గానే ఉన్నాయే! కాకి ఏదైనా ఎత్తుకుపోయిందేమో!”

“కాకి కాదు బాబాయి గారు, మీ పిసరు” అంది వీరదుర్గ. రాజుగారి చేతిలోంచి ఒక పండు తీసి పైకెత్తి చూపించింది. “పాతికంటే మూడు. రాజుగారి మూడో వంతు నాలుగు. ఈ నాలుగోదే పిసరండి. డజనులో పండంటే, రోజులో రెండు గంటలు. నా ఆరులోంచి రోజూ పోతున్న రెండు గంటలు ఇవేనండి.”

రెండు గంటలు! నేను పిసరంటే గోరంత అనుకున్నాను. అది రెండెకరాల మేర ఉంది.

“డజనే ఎందుకు తెచ్చావు అమ్మాయ్?” అన్నాను, అసలు సంగతి నుంచి కాస్త పక్కకి జరుగుదామని.

“ఎనిమిది తెస్తే అరా పాతికా తెగుతాయి, మూడో వంతు తెగదండి. పది తెస్తే పాతికకి రెండున్నర వస్తాయి, పండు కోయాలి. అర, మూడో వంతు, పాతిక, మూడూ పండు కోయకుండా రావాలంటే డజను పడాలండి. రకరకాల ముక్కల్ని కూడాలంటే ముందు అన్నిటినీ ఒకే సైజు చేసుకోవాలి కదండీ. మా అమ్మాయి హర్షిణి ఆరో తరగతి పుస్తకంలో దాన్నే క.సా.గు. అంటారు. ఆరూ నాలుగూ మూడూ పదమూడు. ఉన్నవి పన్నెండు.”

ఇక్కడ ఒక మాట. మొదట్లో ఏలూరు నుంచి గూడెం దాకా అని ఏదో రాశాను చూశారూ, అది కొట్టేయండి. ఏలూరు దాకా అక్కర్లేదు, మా బోదె చివరిదాకా వెళ్తే చాలు, నన్ను కొట్టేవాళ్లు దొరుకుతారు. ఆరో తరగతి పిల్ల పుస్తకం కూడా కొడుతుంది.

“తప్పు నాదే” అన్నాను. ఈ మాట నా నోట్లోంచి రావడం రత్నమాణిక్యం వినలేదు కాబట్టి సరిపోయింది. “ముగ్గురూ తలా కాస్త తగ్గించుకోండి.”

“మీరు సగమన్నారు. పెద్దమనిషి మాట మాటేనండి. నా ఆరు నాకు రావాల్సిందే” అని సూర్యప్రకాశరావు పళ్లని గుండెకి హత్తుకున్నాడు.

“తగ్గితే నా చేను కూడా ఆరుతుందండి” అన్నారు రాజుగారు. ఆ మాటా నిజమే. ఎకరానికి గంట పారాలి. ఎవరిది తగ్గినా ఎవరి చేనో ఒకటి ఎండుతుంది.

అప్పుడు వీరదుర్గ కొంగు ముడి విప్పింది. అందులో ఇంకో పండుంది. తెచ్చి తన రెండిటి పక్కన పెట్టుకుంది.

“ఇదెక్కడిది?”

“కొసరండి. డజను కొంటే అచ్చాయమ్మ గారు ఒకటి కొసరిచ్చారు.”

గోనె మీద మూడు, రాజుగారికి నాలుగు, సూర్యప్రకాశరావుకి ఆరు. అందరివీ సరిపోయాయి. రాజుగారు తన నాలుగూ చూసుకున్నారు, ఆమె మూడూ చూశారు.

“పళ్లకైతే కొసరుందండి. రోజుకి కొసరెవరిస్తారండి?”

“బాబాయి గారిస్తారండి” అంది వీరదుర్గ. “రోజూ ఆరింటికే మొదలవ్వాలని ఎవరన్నారు? మీరే కదండీ. ఎకరానికి గంట చొప్పున మా ముగ్గురి ఇరవయ్యారెకరాలకీ ఇరవయ్యారు గంటలు. ఇవాళ నా మడవ ఎనిమిది దాకా ఉంచండి. సూర్యప్రకాశరావు గారు ఎనిమిదింటికి మొదలెడతారు. రేపు పదింటికి. ఎల్లుండి పన్నెండింటికి. రోజుకి రెండు గంటలు కొసరేస్తే ఎవరికీ ఒక్క నిమిషం తగ్గదండి.”

సూర్యప్రకాశరావు వేళ్లు మడిచాడు. ఎనిమిది, పది, పన్నెండు, రెండు, నాలుగు. తర్వాత వేలు మడవకుండా ఆగిపోయాడు.

“అలా జరుగుతూ పోతే వారం తిరిగేసరికి నా వంతు సాయంత్రం ఆరింటికి మొదలవుతుంది! రాత్రంతా నేను గట్టు మీదుండాలా?”

“ఆయ్!” అన్నారు రాజుగారు. ఆయన అంత గట్టిగా అనడం ఊళ్లో ఎవరూ ఎప్పుడూ విని ఉండరు. నిద్రమత్తు మొత్తం ఎగిరిపోయింది. “అంటే నేను కూడా ఎప్పుడో ఒకప్పుడు పగలు నీళ్లు పెట్టుకుంటానన్నమాటండి! రాత్రి పూట పడుకుంటానన్నమాటండి!”

“ఇది కుదరదండి మావయ్య గారూ” అన్నాడు సూర్యప్రకాశరావు.

“ఎందుకు కుదరదు? నీ సగం నీకొస్తోంది. పెద్దమనిషి మాట మాటే అన్నావు కదా” అన్నాను. నాకు అలాంటి అవకాశాలు అరుదుగా వస్తాయి.

అతను నన్ను చూశాడు, వీరదుర్గని చూశాడు. పండు తొక్క ఒలిచి, మూడో వంతు కొరికి, నములుతూ ఆలోచించాడు. నమలడం అయ్యేసరికి అతనికే నవ్వొచ్చింది.

“దోమలు బాగా ఉంటాయా అమ్మా?”

“మీ పేరు నేను చెప్పి పెడతాలెండి” అంది వీరదుర్గ.

ఆ పూట అతను కింద పడేసిన పార మళ్లీ ఎత్తలేదు. ఎనిమిదయ్యేదాకా నలుగురం గట్టు మీద కూర్చుని పళ్లు తిన్నాం. నాకంటూ వాటా లేదు కాబట్టి ముగ్గురూ తలా ఒకటి ఇచ్చారు. అది ఏ భాగమో నేను కట్టలేదు, తినేశాను. ఆరున్నర దాటాక నీళ్లు శివారు రెండెకరాల్లోకి దిగాయి. నెర్రెల్లోకి నీళ్లు జారుతుంటే లోపలి గాలి బుడబుడమని పైకొచ్చింది. ఆ చప్పుడు వినడానికి వీరదుర్గ గట్టు దిగి, చెప్పులు వదిలేసి, మోకాలి లోతు వరిలో నిలబడింది. తిరిగి వచ్చేటప్పుడు పాదాలకున్న కొత్త బురద మాకు కనిపించేలా కాస్త ఎత్తి ఎత్తి నడిచింది.

ఆ దాళ్వా అంతా మా బోదెకి రోజుకి ఇరవయ్యారు గంటలే. పన్నెండు వంతులు తిరిగేసరికి ఊరికి పదమూడు రోజులు గడిచేవి. పక్క ఊరి రైతులు దారిలో నన్ను ఆపి, “మీ బోదె మీద ఇప్పుడు టైమెంతండీ?” అని అడిగేవారు. నేను తీరిగ్గా చెప్పేవాణ్ని. రాజుగారు పగటి వంతు వచ్చిన రోజున చలవ కళ్లజోడు పెట్టుకుని గొడుగు వేసుకుని చేలోకి వెళ్లారు, పెళ్లికి వెళ్తున్నట్టు. సూర్యప్రకాశరావు మొదటి రాత్రి వంతు అయ్యాక, పొద్దున్నే మొహమంతా దద్దుర్లతో నేరుగా వీరదుర్గ ఇంటి ముందు బండి ఆపి, “ఇన్నాళ్లూ ఇలా ఎలా నిలబడ్డావమ్మా?” అని అడిగి, సంచీడు ఉల్లిపాయలు దింపి వెళ్లాడు.

చివరి రెండెకరాలూ పైవాటితో పాటే ఈనాయి. కంకి పాలు పోసుకుంది. కోతల నాడు నేను వెళ్లి ఒక కంకి నలిపి చూశాను. తాలు ఉందేమోనని వెతికాను కూడా. పెద్దరికం కదా, ఏదో ఒక లోపం చెప్పాలి. దొరకలేదు. వీరదుర్గ మొగుడు ఆ వారం ఇంట్లోనే ఉన్నాడు. లారీ తోలే మనిషి కదా, పనల మోపు నెత్తిన పెట్టుకుని గట్టు మలుపు తిరిగేటప్పుడు కూడా ముందు నోటితో హారన్ కొట్టి మరీ తిరిగాడు.

ఇదంతా రాసి రత్నమాణిక్యానికి చదివి వినిపించాను. అన్నిటికీ ఊఁ కొట్టింది. కొసరు దగ్గరికి వచ్చేసరికి చేతిలో చిక్కుడుకాయలు పక్కన పెట్టి, “అచ్చాయమ్మా? కొసరా?” అంది.

సరే, ఒప్పుకుంటున్నాను. మిగతాది ఎలా జరిగిందో అలాగే రాశాను గానీ, ఆ కొసరు నేను కల్పించాను. అచ్చాయమ్మ బుద్ధెరిగాక ఎవరికీ కొసరిచ్చిన మనిషి కాదు. అడిగితే డజనులోంచి ఒకటి వెనక్కి తీసుకునే రకం. వీరదుర్గ పళ్లు పదమూడు లెక్కపెట్టి కొనుక్కొచ్చింది, పదమూడోదాన్ని ఇంటి దగ్గరే కొంగున ముడేసుకుని గట్టు మీదకి వచ్చింది. అంటే దారి ఏమిటో ఆమెకి ముందు రోజు సాయంత్రం, నా తువాలు నా చేతికి తిరిగిచ్చేటప్పుడే తెలుసు. నేను సెంటు రాసుకుని వెళ్లింది ఊరికే పంచిపెట్టడానికే. ఆ సంగతి రాయడానికి మనసొప్పక కొసరు మీదకి తోశాను. ఎవరైనా గుండుగొలను సెంటర్లో పళ్లు కొంటే నోరు మూసుకుని పన్నెండే పట్టుకెళ్లండి. కొసరు అడిగి, నా పేరు మాత్రం చెప్పకండి.